లైనులో ముందుకు జరిపిన ఆట

చెరుకు ఫ్యాక్టరీ గేటు ముందు ట్రాక్టర్ల లైనులో ఒక కట్టుబాటు ఉంది. ఎవరూ రాసిపెట్టలేదు. డ్రైవరు అన్నానికో మరో పనికో బండి దిగితే, తాళం వెనక బండివాడి చేతిలో పెట్టి వెళ్తాడు. లైను కదిలినప్పుడు వెనకవాడు ముందుగా ఆ బండిని జరిపి, తర్వాత తన బండి జరుపుకుంటాడు. వెనకవాడికే ఎందుకివ్వాలంటే, ముందు బండి కదలకపోతే వాడి బండీ కదలదు. మంచితనాన్ని నమ్ముకుని పెట్టుకున్న కట్టుబాటు కాదిది. అవసరాన్ని నమ్ముకుని పెట్టుకున్నది. అందుకే ఇన్నేళ్లు నిలబడింది.

సత్తిబాబు ఆ లైనులో పధ్నాలుగు సీజన్లు గడిపాడు. ట్రాక్టరు తనది కాదు, చోడవరంలో ఉండే బంగార్రాజుది. మాడుగుల రోడ్డు పల్లెల నుంచి చెరుకు తోలడం సత్తిబాబు పని. తోలడమనేది పేరుకే. గంటన్నర తోలితే పద్దెనిమిది గంటలు కూర్చోవాలి. కూర్చునే పనికి కూలీ ఏమిటని అడిగేవాళ్లుంటారు. వాళ్లు ఒక్కసారి మార్చి నెల ఎండలో, ఇంజను పక్కన, చెరుకు మీద ముసిరే ఈగల మధ్య కూర్చుని చూడాలి.

మూడేళ్ల కిందట ఫోను అద్దం పగిలితే చోడవరంలో మొబైల్ షాపు బాలు దగ్గరికి వెళ్లాడు. అద్దం మార్చాక బాలు అడక్కుండానే ఫోనులో ఒక ఆట ఎక్కించాడు. ఒకప్పుడు పిల్లలు రెండు చేతులతో పట్టుకుని ఆడుకునే చిన్న గేమ్ డబ్బాలు ఉండేవి. సత్తిబాబు చిన్నప్పుడు వాళ్ల ఊళ్లో అలాంటి డబ్బా చూసినవాడు కూడా లేడు. ఇప్పుడా డబ్బా మొత్తం ఫోనులోకి దిగింది. దాన్ని ఎమ్యులేటర్ అంటారని బాలు చెప్పాడు. ఫోను తానే ఆ డబ్బానని నటిస్తుంది, ఆట నమ్మేస్తుంది, అంతే. బటన్లు అద్దం మీద బొమ్మల్లా కనిపిస్తాయి గానీ వేలికి తగలవు.

ఆట సంగతి సులువే. నలభై అంతస్తుల బురుజు. ఒక పొట్టి కత్తివీరుడు కింది నుంచి ఎక్కుతూ పోవాలి. ప్రతి అంతస్తులో ఒక తలుపు, తలుపు వెనక ఒక జంతువు. వీరుడికి మనమే పేరు పెట్టాలి, నాలుగే అక్షరాలు. ఇంగ్లీషులో ఎస్, ఎ, టి, ఐ అని కొట్టేసరికి చోటు అయిపోయింది. లైను పక్కన పాకలో హోటలు నడిపే అప్పయమ్మ అది చూసి, ఆ రోజు నుంచి అన్నం వడ్డించినప్పుడల్లా ఒకటే అడిగేది.

"మీ సతి ఎన్నో అంతస్తెక్కిందిరా బాబూ?"

సత్తిబాబు ఇంట్లో ఎప్పుడూ ఆడలేదు. లైనులోనే ఆడేవాడు. ఆడాక ఫోను పైమూల నొక్కితే ఆట ఉన్నది ఉన్నట్టు ఒక గడిలో నిలిచిపోతుంది, మళ్లీ తెరిస్తే అక్కణ్ణుంచే మొదలు. బాలు నేర్పింది అదొక్కటే. అలాంటి గడులు పది ఉన్నాయి. సత్తిబాబు మొదటి గడి దాటి వెళ్లలేదు. లైనులో ఒక బండికి రెండు చోట్లు ఉండవు కదా.

ఈ సీజను మొదట్లోనే బంగార్రాజు చెప్పేశాడు, ఫ్యాక్టరీలో చెరుకు క్రషింగ్ అయ్యాక ట్రాక్టరు అమ్మేస్తానని. సత్తిబాబు బావమరిది విశాఖలో ఒక కంపెనీలో వాచ్‌మన్ పని చూసిపెట్టాడు. గేటు దగ్గర ఫోను ముట్టకూడదట. అంటే ఆ ఆట ఈ మార్చితో సరి. నలభయ్యో అంతస్తులో ఏముందో, ఆ తర్వాత ఏమవుతుందో తన చేత్తో తేల్చుకుని దిగిపోవాలని అతని కోరిక. పధ్నాలుగేళ్లలో ఆ లైనులో అతను తనకోసం మొదలుపెట్టిన పని అదొక్కటే.

ఫిబ్రవరి రెండో వారంలో, పట్టపగలు, నలభయ్యో అంతస్తు తలుపు ముందుకు చేరాడు. ఫోనులో చార్జింగు అయిపోవచ్చింది. కడుపులో ఆకలి. వెనక బండి ప్రేమ్‌కుమార్‌ది. రావికమతం కుర్రాడు, పాతికేళ్లుంటాయి, బండి బ్యాటరీకి చార్జరు తగిలించుకున్నవాడు. సత్తిబాబు ఆటని గడిలో పెట్టి, తాళంతోపాటు ఫోను కూడా ప్రేమ్‌కుమార్‌కి ఇచ్చి అన్నానికి వెళ్లాడు.

తిరిగొచ్చేసరికి లైను పదకొండు బళ్లు కదిలింది. అతని ట్రాక్టరు సరిగ్గా ఉండాల్సిన చోటే ఉంది. ప్రేమ్‌కుమార్ నవ్వుతూ ఎదురొచ్చాడు.

"మావా, బండీ జరిపేను, ఆటా జరిపేను. అయిపోయింది, సూసుకో."

ఏం చేశాడో వాడే వివరంగా చెప్పాడు. చీట్ కోడ్ కొడితే వీరుడికి చావుండదట. నలభయ్యో అంతస్తు జంతువుని అర నిమిషంలో నరికేశాడు. తర్వాత ఏవో పేర్లు చాలాసేపు వస్తుంటే, స్పీడు పెంచే బటను నొక్కి దాటించేశాడు. ఆఖర్న అంతా భద్రంగా గడిలో పెట్టాడు. మొదటి గడిలోనే, సత్తిబాబు పెట్టుకున్నది చెరిగిపోయేలా.

వాడు చెడ్డవాడు కాదు. ఇది గట్టిగా చెప్పుకోవాలి. లైనులో నీ ముందువాడు లేనప్పుడు వాడి బండి ఆగిపోకుండా చూడ్డం నీ పని. అది నేర్చుకుంటూనే వాడు పెద్దవాడయ్యాడు. ఆటా ఒక చోట ఆగి ఉంది, కదిలించాడు. అంతకుమించి వాడి బుర్రలో ఏమీ లేదు.

సత్తిబాబు ఫోను తెరిచి చూశాడు. బురుజు పైన జెండా ఎగురుతోంది. వీరుడు దాని పక్కన నిలబడి ఉన్నాడు. తలుపూ లేదు, జంతువూ లేదు. బలం గడిలో అన్నీ తొమ్మిదులే. ఫోను జేబులో పెట్టుకున్నాడు, తాళం తీసుకున్నాడు, బండెక్కి కూర్చున్నాడు.

మర్నాడు పొద్దున్న టీకి దిగినప్పుడు తాళం ఎవరికీ ఇవ్వలేదు. జేబులో వేసుకుని అప్పయమ్మ పాకలో కూర్చున్నాడు. లైను కదిలింది, అతని బండి కదల్లేదు. వెనక అరవై ట్రాక్టర్లు. మొదట హారన్లు, తర్వాత తిట్లు. పధ్నాలుగేళ్లలో ఆ లైనులో తాళం జేబులో వేసుకున్నవాడు లేడు. తాతబ్బాయి బండి దిగి వచ్చాడు. లైను మొత్తానికి వయసులో పెద్దవాడు, ఎడ్లబళ్ల రోజుల నుంచీ చెరుకు తోలుతున్నాడు. తగవొస్తే ఆయన మాటే ఆఖరు.

ఆయన ముందుగా సత్తిబాబు చేత తాళం ఇప్పించి బండి జరిపించాడు. ఆ తర్వాతే ఏమైందని అడిగాడు. ఫోను ఆటలు ఆయనకి తెలీవు, తెలుసుకునే ఓపికా లేదు. లైను తగవు విన్నట్టే విన్నాడు. నీ బండి ఎక్కడుంది, వీడు ఎక్కడ పెట్టాడు, నువ్వు పెట్టమన్నావా, ఇవే ప్రశ్నలు. ప్రేమ్‌కుమార్ తాను మంచే చేశానన్నాడు. సత్తిబాబు మూడేళ్లు ఎక్కానని మాత్రం చెప్పాడు. చుట్టూ మూగినవాళ్లు నవ్వారు. తాతబ్బాయి నవ్వలేదు.

"అడక్కండా ముందుకి తోసినోడే ఎనక్కి తియ్యాల. బండికైనా అంతే, ఆటకైనా అంతే. ఆ తలుపు కాడికి తెచ్చి ఆడికి అప్పసెప్పు."

ప్రేమ్‌కుమార్ లబలబలాడాడు. వెనక్కి తీయడం కుదరదని, మళ్లీ కింది నుంచి ఎక్కాలని, నలభై అంతస్తులంటే నలభై గంటల పని అని చెప్పుకొచ్చాడు.

"లైన్లో నువ్వు సేసేదేటుందిరా మరి? ఎక్కు" అన్నాడు తాతబ్బాయి, బండి వైపు నడుస్తూ.

షరతులు సత్తిబాబు పెట్టాడు. చీట్ కోడ్ వద్దు, స్పీడు బటను వద్దు. వీరుడి పేరు పాత పేరే. ప్రేమ్‌కుమార్ ఆడినంతసేపూ రెండు బళ్లూ సత్తిబాబే జరుపుతాడు.

అలా మొదలైంది. తర్వాతి ట్రిప్పులన్నిటికీ ఇద్దరూ ఫోనులో మాట్లాడుకుని ఒకే వేళకి వచ్చి, ముందూ వెనకా లైను పట్టేవారు. ప్రేమ్‌కుమార్ తన ట్రాలీ నీడలో గోనె వేసుకుని కూర్చుని ఆడేవాడు. సత్తిబాబు ఒక బండి జరిపి, దిగి, వెనక్కి నడిచొచ్చి రెండోది జరిపేవాడు. మొదటి వారం ఇద్దరికీ మాటల్లేవు. ఏడో అంతస్తులో ప్రేమ్‌కుమార్ పదిసార్లు చచ్చాడు. పదకొండోసారి సత్తిబాబు స్టీరింగు దగ్గర్నుంచే, ఆ మొసలికి తోక వైపు నుంచి వెళ్లాలని చెప్పాడు. మాటలు అక్కడ మొదలయ్యాయి.

ఒక మధ్యాహ్నం ఆట మధ్యలో సత్తిబాబు ఫోను మోగింది. సత్తిబాబు భార్య సంధ్యారాణి. ఎత్తింది ప్రేమ్‌కుమార్. ఎక్కడున్నారని ఆవిడ అడిగితే, చెయ్యి ఖాళీ లేక చూపు తిప్పకుండా, ఇరవై రెండో అంతస్తులో ఉన్నామని చెప్పి పెట్టేశాడు. భర్త తనకి చెప్పకుండా అప్పుడే విశాఖ వెళ్లి పనిలో చేరిపోయాడనుకుంది ఆవిడ. ఆ సాయంత్రం సత్తిబాబుకి ఇంట్లో పడిన చీవాట్లు లైనంతా రెండు రోజులు చెప్పుకుంది.

మార్చి మూడో వారానికి ప్రేమ్‌కుమార్ ముప్పై ఏడో అంతస్తులో ఉన్నాడు. సత్తిబాబుకి ఆఖరి ట్రిప్పు. బంగార్రాజు ట్రాక్టరుకి బేరం కుదిరిపోయింది, మర్నాడే బండి అప్పగించాలి. ఇద్దరూ పొద్దున్నే లోడుతో వచ్చి చూస్తే గేటు ముందు తొమ్మిదే బళ్లున్నాయి. చెరుకు అయిపోవచ్చింది. పధ్నాలుగేళ్లుగా లైను కదిలితే చాలని తిట్టుకున్నవాడు, ఆ రోజు కదులుతున్న లైనుని చూసి దిగాలు పడ్డాడు. అరగంటలో మూడు బళ్లు లోపలికి పోయాయి. ప్రేమ్‌కుమార్ చెమటలు కక్కుతూ ముప్పై ఎనిమిదో తలుపు తీశాడు.

అప్పుడు సత్తిబాబు లైనులో ఎవరూ చేయని పని చేశాడు. బండి పక్కకి తీసి, వెనకవాణ్ణి ముందుకు పొమ్మని చెయ్యి ఊపాడు. ప్రేమ్‌కుమార్ బండి కూడా పక్కకి తీశాడు. వెనక వచ్చింది తాతబ్బాయి. ఆయన వీళ్లిద్దరి పక్కగా వచ్చి ఆగాడు.

"ఏటైందిరా, బండి సెడిందా?"

"లేదు తాతా. ఇంకా రెండంతస్తులుంది."

తాతబ్బాయి ట్రాలీలో చెరుకు వైపు చూశాడు. ఎండలో చెరుకు ఆరితే తూకం తగ్గుతుందని, ఆ సంగతి తెలిసే చేస్తున్నావా అని అడిగాడు. సత్తిబాబు తెలుసన్నాడు. తగ్గిన తూకం రైతుకి తన కూలీలోంచి ఇస్తానన్నాడు. పెద్దాయన గేరు వేసుకుని ముందుకు పోయాడు. ఆ తర్వాత వచ్చినవాళ్లూ పోయారు. పన్నెండు బళ్లు దాటేశాయి.

ఒంటిగంట దాటాక ప్రేమ్‌కుమార్ గోనె మీద నుంచి లేచాడు. కాళ్లు తిమ్మిరెక్కి సరిగా నిలబడలేకపోయాడు. రెండు చేతులతో ఫోను తెచ్చి ఇచ్చాడు. నలభయ్యో అంతస్తు, తలుపు మూసి ఉంది. వీరుడి పేరు పాతదే. బలం నికరంగా సంపాదించిన బలం, తొమ్మిదులు లేవు.

"నువ్వొగ్గేసిన కాడే ఉంది మావా. సూసుకో."

సత్తిబాబు అంగుళం అంగుళం చూసుకున్నాడు. తర్వాత ట్రాక్టరు తాళం తీసి ప్రేమ్‌కుమార్ చేతిలో పెట్టాడు. ఆ ఫిబ్రవరి తర్వాత తన తాళం వాడికివ్వడం అదే మొదలు.

తలుపు వెనక ఉన్నది పెద్ద జంతువేమీ కాదు. వీరుడంత ఎత్తున్న ఒక తేలు. మొదటిసారి సత్తిబాబు ఓడిపోయాడు. రెండోసారి కూడా. మూడోసారి తేలు కొండి ఎత్తిన ప్రతిసారీ వెనక్కి తగ్గుతూ, దింపినప్పుడల్లా ఒక్క దెబ్బ వేస్తూ, ఇరవై నిమిషాలు ఆడాడు. ఈలోపు గేటు తెరుచుకుంది. లైనులో మిగిలినవి వీళ్ల రెండు బళ్లే. ప్రేమ్‌కుమార్ ముందున్న సత్తిబాబు బండెక్కి స్టార్ట్ చేశాడు. సత్తిబాబు తల ఎత్తకుండానే మడ్‌గార్డు మీద ఎక్కి కూర్చున్నాడు. ట్రాక్టరు కాటా వైపు కదిలింది. తేలు చచ్చింది.

జెండా ఎగిరింది. తర్వాత పేర్లు మొదలయ్యాయి. నల్లటి తెర మీద తెల్లటి ఇంగ్లీషు అక్షరాలు కింది నుంచి పైకి మెల్లగా పోతున్నాయి. అన్నీ ఎక్కడో దూరదేశం పేర్లు. సత్తిబాబు పదో తరగతి చదువుతో ఒక్కో అక్షరం కూడబలుక్కుంటున్నాడు.

ప్రేమ్‌కుమార్ స్పీడు బటను చూపించాడు. "అయేటి కావు మావా, ఉత్త పేర్లు. నొక్కేయ్."

"ఆగరా. పని సేసినోల్ల పేర్లవి. బొమ్మలేసినోడు, పాట కట్టినోడు, తప్పులెతికినోడు. అందర్నీ ఏసేరు."

కాటా మీద బండి ఆగింది. బండి మీద మనుషులుండకూడదని గుమస్తా కిటికీలోంచి అరిచాడు. ఇద్దరూ దిగారు. సత్తిబాబు కాటా పక్కనే నిలబడి చదువుతూనే ఉన్నాడు. గుమస్తా తూకం కొట్టి చీటీ చించి ఇచ్చాడు. చీటీలో రైతు పేరుంది, బండి నంబరుంది, ఊరుంది, తూకముంది. డ్రైవరు పేరుకి అందులో గడి లేదు. ఎప్పుడూ లేదు.

చీటీ ప్రేమ్‌కుమార్ తీసుకున్నాడు. బండి తియ్యమని గుమస్తా మళ్లీ అరిచాడు. ప్రేమ్‌కుమార్ సత్తిబాబు వైపు చూశాడు. పేర్లు ఇంకా వస్తున్నాయి. వాడు తాళం తిప్పి, కాటా దింపి, చెరుకు పడేసే చోటికి బండి తీసుకెళ్లాడు. తర్వాత వెనక్కి వచ్చి తన బండి జరుపుకున్నాడు. సత్తిబాబు నిలబడ్డ చోట నుంచి కదల్లేదు.