ఎల్లుండి మంట

నోట్లో నార నానుతుండగానే రిమ్సే అవ్వ బొబ్బర చేలోకి దిగింది. ఎండిన బెరడు నారని దవడన పెట్టి నానబెట్టి, పళ్లతో చీల్చి, తొడ మీద పేనితే తాడవుతుంది. అరవై ఏళ్లుగా ఆ దవడకి ఖాళీ లేదు. అందుకే మాట్లాడితే సగం మాటలు నారలో చిక్కుకుని, మిగతా సగమే బయటికొచ్చేవి. ఎదుటివాడి ఒళ్లు మండడానికి ఆ సగం చాలు.

రిమ్సే అంటే, ఆ ఉత్తరపు నేలలో ముందునుంచీ ఉన్న ఐనూ జనం భాషలో, చిందు. చిన్నప్పుడు ఒకచోట కుదురుగా నిలబడేది కాదట, ఆ పేరే ఖాయమైంది. ఇప్పుడు చూస్తే ఎవరూ నమ్మరు. పాదాలు రెండూ పొంగి గడ్డి చెప్పుల అంచులు దాటి వచ్చాయి. వేలితో నొక్కితే పడిన గుంట చాలాసేపు పూడదు. పది మొక్కలు పీకడం, వేళ్ల మన్ను దులిపి కట్ట కట్టడం, నిలబడి నోరు తెరిచి ఊపిరి తీసుకోవడం, మళ్లీ వంగడం. పెదవుల చుట్టూ నీలం పచ్చబొట్టు బుగ్గల దాకా సాగి ఉంటుంది. పెళ్లికి ముందు తల్లి పొడిచింది. ఇప్పుడు సర్కారు కచేరీవాళ్లు అది కూడదన్నారు. కోడలు కినా మూతి నున్నగా ఉంటుంది.

చేను యాసొకిచిది. పదిహేనేళ్ల కిందట దక్షిణం నుంచి ఓడ దిగి, పెళ్లాం షిగెనోని, ఒక గొడ్డలిని వెంటబెట్టుకుని తొకాచి ఏటి ఒడ్డుకి వచ్చాడు. సర్కారు కాగితం మీద గీత గీసి ఇది నీదంది. ఆ గీత లోపల అంతకుముందు రిమ్సే అవ్వ దుంపలు తవ్వుకునేది, ఆమె మొగుడు జింకల్ని కొట్టేవాడు. ఆ విషయం కాగితానికి తెలియదు. మొగుడు పోయాడు, చేపల రేవుకి కూలికెళ్లిన కొడుకు జ్వరంతో అక్కడే పోయాడు. తన దుంపల చెలకలోనే అవ్వ కూలికి బొబ్బర్లు పీకుతోంది. కోపం లేదా అంటే, ఎందుకుండదు! ఉంది. కానీ ఆ మొదటి ఏడు మంచుకి పంట మాడిపోయి, నిండు చూలాలు షిగెనో పస్తులుంటే, దుంపలు దంచి జావ కాచి పోసింది ఈ అవ్వే. పురుడు పోసిందీ ఈ అవ్వే.

"నొప్పులకి కాదు, నా మూతి చూసి అరిచింది ఊరంతా వినబడేలా," అని ఇప్పటికీ వెక్కిరిస్తుంది.

"ఎన్నాళ్లు సాధిస్తావే అవ్వా! కళ్లు తెరవగానే ఆ నీలం మూతి కనబడితే ఎవరైనా అరుస్తారు," అంటుంది షిగెనో.

ఆ పొద్దున కూడా ఆ మాటలే అయ్యాయి. ఆ తర్వాత ఇద్దరూ చేలో పక్కపక్కనే వంగి పని చేసుకున్నారు.

చేనుకి ఎగువన, కొట్టి కుప్పలు వేసిన తుప్పల మధ్య ఒక చిన్న గుడిసె ఉంది. నిరుడు శీతాకాలం నుంచి రిమ్సే అవ్వ కడుతున్నది అదే. వంచిన కొమ్మలు, పైన రెల్లు కప్పు. మనిషి కాళ్లు చాపుకుని పడుకుంటే తల దగ్గర బెత్తెడు మిగులుతుంది. నడుమ గుప్పెడు ఇసుక పోసిన పొయ్యి, తూర్పున చిన్న కిటికీ. దేవుళ్లు వచ్చేదారి కాబట్టి కిటికీ లేకపోతే వాళ్ల లెక్కలో అది ఇల్లే కాదు.

ఆడది పోతే ఆమె ఇంటిని కూడా కాల్చి వెంట పంపాలి. అవతలి లోకంలో మగవాడు తన ఇల్లు తనే కట్టుకుంటాడు, ఆడదానికి ఎవరు కడతారు? రిమ్సే అవ్వ తల్లి పోయినప్పుడు ఇల్లు కాల్చారు. అప్పటికి ఇక్కడ కచేరీ లేదు. ఇప్పుడు కాలిస్తే నేరం. ఉన్న ఇల్లు కాలిస్తే కినా ఎక్కడుంటుంది? అందుకే ఈ బుల్లి గుడిసె.

"ఇది కట్టింది నువ్వేగా. అక్కడ మాత్రం కట్టుకోలేవా?" అని షిగెనో ఒకసారి అడిగింది.

"చచ్చాక కూడా నాతో పని చేయిస్తారటే!" అంది అవ్వ.

మధ్యాహ్నం కచేరీ గుమస్తా వచ్చాడు. కొత్త టోపీ, ముసలి గుర్రం. దిగకుండానే యాసొకిచిని పిలిచాడు.

"ఏమయ్యా, తుప్పలు తగలెట్టుకోడానికి అర్జీ పెట్టావుగా. ఎల్లుండి ఒక్కరోజే. అదీ గాలి లేకపోతేనే. ఆ తర్వాత మంచు పడి కరిగేదాకా ఈ ఒడ్డున ఎవరూ అగ్గి ముట్టించడానికి లేదు."

"చిత్తం అయ్యగారూ."

గుమస్తా చూపు గుడిసె మీద పడింది. "అదేంటి?"

యాసొకిచి కట్టిన కట్టనే విప్పి మళ్లీ కట్టసాగాడు. మంచివాడే, పిరికివాడు కూడా. చేను ఇంకా పూర్తిగా వాడి పేర కాలేదు. తప్పు పట్టారంటే పదిహేనేళ్ల చాకిరీ ఏట్లో కలిసినట్టే.

"మా బొబ్బర్ల కొట్టమండీ," అంది షిగెనో, నడుం ఎత్తకుండానే.

"కొట్టానికి కిటికీ ఎందుకు?"

"గాలి ఆడకపోతే బూజు పట్టదూ?"

"అంత చిన్న కొట్టమా?"

"పంట కూడా అంతేనండీ. తమరు మా చేను చూస్తూనే ఉన్నారుగా."

రిమ్సే అవ్వ నోట్లో నార ఉంది కాబట్టి సరిపోయింది, లేకపోతే పకాలున నవ్వేసేది. గుమస్తా ఆమె వంక అనుమానంగా చూశాడు. "పైవూళ్లో ఒకడు చచ్చిపోయిన తల్లికని కొంప తగలెట్టి ఇరవై రోజులు లోపలున్నాడు. ఇక్కడ అలాంటి వేషాలు వేస్తే ఊరుకోను," అన్నాడు. గుర్రం తిప్పుకుని వెళ్లిపోయాడు.

అవ్వ నారని తీసి మోకాలి మీద పెట్టుకుంది. "ఎల్లుండా? అయితే నేను తొందరపడాలన్నమాట."

"ఛీ! ఏం మాటలవి?"

"నవ్వులాట కాదే పిల్లా. మంచు పడ్డాక పోతే నాకు మంట ఎవడిస్తాడు? మా యేట్లో మేం చేప పడితే దొంగతనం. మా ఇల్లు మేం కాల్చుకుంటే నేరం. మీ తుప్పలు మీరు కాల్చుకుంటే సేద్యం. అందుకే మీ మంట ఎక్కి పోతాను. బండి ఎవరిదైతేనేం, ప్రయాణం నాది."

యాసొకిచి కాళ్ల వైపు చూస్తూ గొణిగాడు. "నువ్వింకా పదేళ్లుంటావు పెద్దమ్మా."

"నోర్ముయ్యరా అబద్ధాలకోరూ! ఎల్లుండికి నేను పోతే ఆ గుడిసెకి ముట్టిస్తావా, ముట్టించవా? అది చెప్పు."

"నిన్ను లోపల పెట్టి ఎలా ముట్టిస్తాను?" వాడు హడలిపోయాడు.

"నన్ను కొండ మీద పాతిపెట్టాకే రా, తిక్క సన్నాసీ! ఇల్లు ఒక్కటే కాల్చు."

వాడు షిగెనో వంక చూశాడు. షిగెనో చూపు తిప్పుకోలేదు. "ముట్టిస్తాను," అన్నాడు చివరికి. అవ్వ ఆ మాట రెండోసారి చెప్పించుకుని, నార మళ్లీ నోట్లో పెట్టుకుని పనిలోకి వంగింది.

పొద్దు వాలేలోపు తన వరస పూర్తి చేసింది. ఎవరికీ ఒక్క కట్ట కూడా వదల్లేదు. ఇంటికెళ్లి కినా పోసిన జొన్న జావ నాలుగు గుక్కలు తాగి, ఆ రోజు పేనిన తాడు చుట్ట చేత్తో పట్టుకుని లేచింది.

"మళ్లీ ఎక్కడికత్తా?"

"గుడిసె కప్పు మీద ఒక కట్టు వదులైంది. బిగించి వస్తాను."

"రేపు నేను బిగిస్తాలే."

"నీ కట్టు సంగతి నాకు తెలీదా!"

ఇంకా వెలుగుండగానే కినా వెతుక్కుంటూ వచ్చింది. కప్పు కట్టు బిగించి ఉంది. అవ్వ లోపల కిటికీ వైపు తల పెట్టి పడుకుని ఉంది. దవడ కదలడం లేదు. కినా ఆమె నోట్లోంచి నార మెల్లగా తీసి, అక్కడే కూలబడి, వాళ్ల ఆచారం ప్రకారం గొంతెత్తి ఏడ్చింది. ఆ గొంతు విని షిగెనో చేతిలో కట్టె కిందపడేసి పరుగెత్తుకొచ్చింది. అవ్వ అనుకుని పోయిందో, వేళ వచ్చి పోయిందో ఎవరికీ తెలియదు. మాట మాత్రం నిలబెట్టుకుంది.

మర్నాడు పైవూరి మగవాళ్లు నలుగురు వచ్చి, అవ్వని చాపలో చుట్టి కొండ మీద పాతిపెట్టారు. కినా అవ్వ సామానుని గుడిసెలో సర్దింది. విరగనిది ఆ లోకానికి వెళ్లదు, విరిగితేనే దాని ప్రాణం వెంట వెళుతుంది. కొడవలి పిడి విరిచింది, చెక్క గరిటె విరిచింది, మగ్గం బద్దకి గాటు పెట్టింది. వంట గిన్నె మాత్రం పోత ఇనపది. రాతితో రెండుసార్లు కొట్టినా పగల్లేదు. మంటలోనైనా పగులుతుందిలే అని పొయ్యి పక్కన పెట్టింది.

ఎల్లుండి రానే వచ్చింది. గాలి లేదు. యాసొకిచి తెల్లవారకముందే వెళ్లి అంతా చూసుకున్నాడు. మాట తప్పలేదు. తుప్పలకి నాలుగు మూలలా ముట్టించాడు. రెల్లు కప్పు ఒక్కసారిగా అంటుకుంది. పొగ నిట్టనిలువుగా లేచింది. కినా రెండు చేతులూ పైకెత్తి ఏదో చెప్పి అత్తని సాగనంపింది. షిగెనో అంగీ చేతితో ముఖం కప్పుకుని బావురుమంది. కచేరీ నుంచి చూసినవాడికి అది సేద్యం మంటే.

మధ్యాహ్నానికి మంట చల్లారింది. అప్పుడు యాసొకిచి బొబ్బర కట్టల వెనక నుంచి ఇనప గిన్నెని రెండు చేతులా తెచ్చి కినా ముందు పెట్టాడు. మసి కడిగి తోమి తెచ్చాడు కూడా.

"ముట్టించే ముందు చూశానమ్మా, అన్నీ విరిగిన సామానే, ఇదొక్కటి ఎవరో మరిచిపోయి లోపలే వదిలేశారు. బంగారంలాంటి ఇనుము! మేం వచ్చిన ఏడు ఇలాంటి గిన్నె ఒక్కటి లేక ఎంత ఏడ్చామో. పదేళ్లు వండుకోవచ్చు నువ్వు."

ఆ ముఖం నిండా సంతోషమే. ఇచ్చినవాణ్ని చిన్నబుచ్చకూడదని కినాకి అత్త నేర్పింది. వంగి దండం పెట్టింది. కానీ గిన్నెని ముట్టుకోలేదు.

"ఏమైందే?" అంది షిగెనో.

కినా బూడిద వైపు చూపించింది. "అత్త ఈపాటికి ఆ లోకంలో తన ఇల్లు చేరి ఉంటుంది. పొయ్యి ఉంది. దేంట్లో వండుకుంటుంది?"

యాసొకిచి ముఖం పాలిపోయింది. "అయ్యో! నేను మంచికేగా... నాకేం తెలుసు..." అంటూ నేల మీద చతికిలబడ్డాడు.

షిగెనో జానెడు దారం ముక్కనైనా పారేయని మనిషి. ఇంట్లో గిన్నె అడుగు చిల్లుపడితే రేకు అతికించి ఆరేళ్లు వాడింది. వెళ్లి గొడ్డలి తెచ్చింది. గిన్నెని మొద్దు మీద బోర్లించి, గొడ్డలి వెనకవైపుతో కొట్టింది. మొదటి దెబ్బకి గణగణమంది. రెండో దెబ్బకి చేతులు జివ్వుమన్నాయి. "దీన్ని కూడా తీసుకుపోవే ముసలీ, మళ్లీ నన్ను సాధించకు!" అని ఏడుస్తూ మూడోది వేసింది. అంచు నుంచి ఒక పెచ్చు ఊడి దూరంగా పడింది.

కినా గిన్నెనీ పెచ్చునీ రెండు చేతులా ఎత్తుకుని, ఇంకా వేడిగా ఉన్న బూడిదలోకి చెప్పులతోనే నడిచి, పొయ్యి ఇసుక కనబడిన చోట పెట్టింది. ముగ్గురూ కిందికి దిగి, మిగిలిన బొబ్బర వరసలు పీకారు.

సాయంత్రం సన్నగా మంచు మొదలైంది. బూడిద మీద పడిన మంచు పడినట్టే కరిగిపోతోంది. అంచున అరచెయ్యంత వెలితితో ఇనప గిన్నె మాత్రం నడుమ కూర్చుని ఉంది.