పదిహేను నిమిషాల చేప

"పదిహేను నిమిషాల్లో అయిపోతుందంట" అని మెసేజ్ పెట్టాడు భర్త ఎడ్విన్. దాని కింద ఒక వీడియో.

ప్రశాంతి అప్పుడే ప్రొద్దుటూరులో తాను పనిచేసే నర్సింగ్‌హోం మెట్లు దిగుతోంది. పొద్దున ఏడు నుంచి సాయంత్రం నాలుగు దాకా నిలబడిన కాళ్ళు చెప్పుల్లోకి దూరమంటే మొరాయిస్తున్నాయి. బస్సులో సీటు దొరికాక ఆ వీడియో చూసింది. గోళ్ళకు రంగేసుకున్న ఒక అమ్మాయి గాజుగిన్నెలో సోయాసాస్ పోసింది, తేనె పోసింది, అల్లం వెల్లుల్లి తురిమింది, నిమ్మకాయ పిండింది, ముల్లు లేని చేప ముక్కల్ని అందులో ముంచింది. పెనం మీద అటొకసారి ఇటొకసారి తిప్పి, పైన నువ్వులు చల్లి, పళ్ళన్నీ కనబడేలా నవ్వింది. అంతే, వంట అయిపోయింది. ఆ చేపను ఎవరు కొనుక్కొచ్చారో, పొలుసు ఎవరు గీకారో, నీచువాసన పోయేదాకా ఆ గిన్నెల్ని ఎవరు తోమారో ఆ వీడియోలో లేదు. ఎందుకుంటుంది?

ఆ సాయంత్రం శాంసన్ అయ్యగారు భోజనానికి వస్తున్నారు. జమ్మలమడుగులో వీళ్ళ సంఘానికి పాస్టరు ఆయన. పోయిన నెల సింగపూరులో ఏవో సభలకు పోయి నాలుగు రోజులుండి వచ్చారు. అప్పటి నుంచీ సముద్రం మాటొస్తే చాలు, ఆదివారం ప్రసంగంలోకి ఆయన సింగపూరులో తిన్న చేప వచ్చి కూర్చుంటోంది. ఎడ్విన్ సంఘ కమిటీలో సెక్రటరీ. ఆ చేపను అయ్యగారికి తన ఇంట్లో వడ్డించాలని ఆయనకు ఆలోచన పుట్టింది. పుట్టడం వరకే ఆయన పని. "ఊరికే నానబెట్టి కాల్చేదే గదా ప్రశాంతీ, పెద్ద పనేముంది?" అని పొద్దున గడప దాటేటప్పుడే చెప్పాడు. ఆయనకు ఏ పనీ పెద్దది కాదు. చేసేది ఆయన కాదు కదా!

ఆమె హ్యాండ్‌బ్యాగులో ఎడ్విన్ చెప్తే మధ్యాహ్నం కొన్న సోయాసాస్ సీసా పక్కన ఒక ఉత్తరం ఉంది. ఇడుపులపాయలో కాలేజీ క్యాంపస్ ఆసుపత్రిలో స్టాఫ్ నర్సు ఉద్యోగం. సోమవారం చేరాలి, చేరుతున్నదీ లేనిదీ రేపు సాయంత్రం లోపల రాసి పంపాలి. వారానికి మూడు రాత్రులు అక్కడే ఉండాలి, ఉండడానికి ఒక గది ఇస్తారు. ఆ ఉత్తరం వచ్చి పది రోజులైంది. పది రోజుల్లో ఆరుసార్లు అడిగింది ఎడ్విన్‌ను. ఆరుసార్లూ ఒకటే జవాబు.

"ప్రార్థనలో పెడదాంలే."

ఆ ఇంట్లో ఏదైనా సంగతి చావాలంటే దాన్ని ప్రార్థనలో పెడతారు. ఈ విషయం ప్రశాంతికి ఆరేళ్ళ కిందట తెలిసింది. అప్పుడు కడపలో రెండేళ్ళ పైచదువుకు ఆమెకు సీటొచ్చింది. పులివెందులలో ఎవరి చీనీబత్తాయి తోటలోనో నీళ్ళు కట్టి ఆమెను నర్సు చదివించిన నాన్న దాసయ్య, ఆ కబురు విని సంచెడు చీనీకాయలు మోసుకొని వచ్చాడు. అందరూ భోజనానికి కూర్చున్నారు. ఎడ్విన్ ప్రార్థన ఎత్తుకున్నాడు. అన్నానికీ, పప్పుకూ, వచ్చిన మామకూ వరసగా స్తోత్రం చెప్పి, అదే గొంతుతో, "నా భార్య తన కోరికను కుటుంబం కోసం పక్కన పెట్టినందుకు నీకు వందనాలు ప్రభువా" అన్నాడు. ఆమె ఏ కోరికనూ ఎక్కడా పక్కన పెట్టలేదు. ఆ మాట తన గురించేనని అర్థమయ్యేలోపల అందరూ ఆమెన్ అనేశారు. పుట్టినప్పటి నుంచి అలవాటైన నోరు, ఆమెదీ అనేసింది. నాన్న కళ్ళు తెరిచి కూతురి వైపు చూసిన చూపు ఆమె ఇప్పటికీ మరవలేదు.

మర్నాడు అడిగితే ఎడ్విన్ కోప్పడను కూడా లేదు. "దేవుని ముందర ఆమెన్ అంటివి గదా. మాటంటే మాటే గదా. పాప గూడా చిన్నది, ఎట్ల పోతావు చెప్పు?" అన్నాడు, ఎంతో నెమ్మదిగా. ఆ పాప శ్వేత ఇప్పుడు కడపలో హాస్టల్లో ఉండి ఇంటర్ చదువుతోంది. ఇప్పుడు అడ్డం ఏమిటో ప్రశాంతికి తెలీదు. అడిగితే ప్రార్థన అంటాడు. ప్రార్థన మధ్యలో నోరెత్తేదెలా? ఒకసారి ఎడ్విన్ ప్రార్థన చేస్తుంటే పొయ్యి మీద పాలు పొంగి పొయ్యి ఆరిపోయింది, గ్యాసు వాసన కొడుతున్నా ఆయన ఆమెన్ అనేదాకా అత్త సుశీలమ్మ కదల్లేదు, ఈమెను కదలనివ్వలేదు.

జమ్మలమడుగులో బస్సు దిగి నేరుగా గులాబ్‌బీ దగ్గరికి పోయింది. బస్టాండు పక్కన గోనెపట్టా మీద చేపలు పెట్టుకొని అమ్ముతుంది గులాబ్‌బీ.

"మైలవరం డ్యాం చాపమ్మా, రోహు. పొద్దన పట్టింది. పులుసుకేనా?"

"పులుసుగ్గాదు. ముల్లు తీసిన ముక్కలు కావల్ల."

గులాబ్‌బీ కత్తిపీట మీద చెయ్యి ఆపి పకపకా నవ్వింది. "ముల్లు లేని చాప యాడుంటాదమ్మా? ఎవరడిగినారు నిన్ను?"

"మా ఇంటాయన. ఫోన్లో చూసినాడు."

"ఫోన్లో కొనుక్కోమను అయితే. నేను పొలుసు తీసి కోసిస్తా, ముల్లు నీ తిప్పలే."

నిజంగానే తిప్పలే. రోహుకు పెద్ద ముళ్ళు ఒక లెక్క, కండ లోపల వెంట్రుకల్లా అడ్డదిడ్డంగా ఉండే చిన్న ముళ్ళు ఇంకో లెక్క. నర్సింగ్ చదివేటప్పటి పాత ఫోర్సెప్స్ ఒకటి ఆమె దాచుకుంది. దాన్ని వేడినీళ్ళలో కడిగి, వంటింట్లో లైటు కింద నిలబడి, వేలితో తడుముతూ ఒక్కో ముల్లే పట్టి లాగింది. ఎంత లాగినా ఇంకొకటి తగుల్తూనే ఉంది. నడుము పట్టేసింది. ముంగిట్లో ఎడ్విన్ కుర్చీలు తుడుస్తూ ఎవరితోనో ఫోన్లో నవ్వుతున్నాడు. "మా ఇంట్లో ఈ పొద్దు సింగపూరేనప్పా!" అంటున్నాడు. ఎవరికి సింగపూరు, ఎవరికి ఈ ముళ్ళు! ఆమెకు ఏడుపు రాలేదు, ఒళ్ళు మండింది.

సోయాసాస్, తేనె, అల్లం, వెల్లుల్లి, నిమ్మరసం కలిపి ముక్కలకు పట్టించి, మూతపెట్టి, స్నానానికి పోయింది. సోయాసాస్‌లోనే బోలెడంత ఉప్పు ఉంటుంది కాబట్టి వేరే ఉప్పు వెయ్యలేదు. తల తుడుచుకుంటూ వచ్చేసరికి గిన్నె ముందర సుశీలమ్మ. చేతులు మోచేతుల దాకా ఎర్రగా ఉన్నాయి.

"అత్తా, ఏం జేస్తాండావు?"

"నాకి చూస్తే ఉప్పూ ల్యా, కారమూ ల్యా. అయ్యగారొస్తాంటే చప్పిడి చాప పెడతావా మే? గుప్పెడు ఉప్పు, రోంత కారం, పసుపు, చింతపులుసు వేసినా. ఇప్పుడు సరిపాయ."

నలభై ఏళ్ళుగా ఆ చేతులు చేపకు ఉప్పూ పసుపూ పట్టిస్తున్నాయి. వాటినేమంటుంది? ముక్కల్ని ఒక్కొక్కటే కడిగింది. మళ్ళీ అల్లం తురిమింది, మళ్ళీ వెల్లుల్లి వలిచింది, సీసాలో మిగిలిన సోయాసాస్ అంతా వంచింది. "మంచిగా జేసిందాన్ని కడిగి పారబోస్తాంది" అని అత్త తలుపు దగ్గర నిలబడి గొణుక్కుంటూనే ఉంది.

ఎడ్విన్ లోపలికి తొంగి చూశాడు. "ఇంకా కాలేదా? పదిహేను నిమిషాలే గదా!"

ప్రశాంతి పెనం కింద మంట తగ్గించి ఆయన వైపు తిరిగింది. "రేపు ఆఖరు రోజు. వాళ్ళకు జవాబు రాయల్ల. నేను పోతాననే చెప్పినా గదా నీకు?"

"ఇప్పుడా అది? అయ్యగారే వస్తాండారు, ఆయన ముందరే ప్రార్థనలో పెడదాం. బిన్నా కానీ, టైమయితాంది."

అప్పుడు తెలిసింది ఆమెకు ఈ చేప దేనికో. అయ్యగారు రుచి చూడడానికే కాదు. ఆయన ఆమెన్ కూడా తోడైతే ఆ మాటను ఇంక ఎవరూ తిప్పలేరు. తన ఉద్యోగాన్ని చంపడానికి తన చేతే విందు వండిస్తున్నాడు. ఎంత తెలివి! అట్లకాడతో పెనం మీద ముక్క తిప్పింది. మాడనివ్వలేదు. అంత కష్టపడి ముల్లు తీసిన చేపను మాడబెట్టుకోవడానికి ఆమెకేం ఖర్మ?

ఎనిమిదింటికి శాంసన్ అయ్యగారు వచ్చారు. "అబ్బ, వాసనకే నేను మళ్ళా విమానమెక్కినట్టుందమ్మా!" అన్నారు. మంచి మనిషే, తిండి దగ్గర పసిపిల్లాడు. బల్ల మీద అన్నం, చేప, ఉల్లికాడలు, నువ్వులు. ముగ్గురూ కూర్చున్నారు. వడ్డించే మనిషి కాబట్టి ప్రశాంతి ఎప్పటిలాగే ఎడ్విన్ కుర్చీ వెనక నిలబడింది. అందరూ కళ్ళు మూసుకున్నారు.

ఎడ్విన్ ప్రార్థన చక్కగా చేస్తాడు, ఆ పేరుంది ఆయనకు. సముద్రాలను చేసినందుకు స్తోత్రం, చేపలను చేసినందుకు స్తోత్రం, అయ్యగారిని విమానంలో క్షేమంగా తీసుకెళ్ళి తీసుకొచ్చినందుకు స్తోత్రం. వండిన మనిషి ఊసు లేదు. ఆ తర్వాత గొంతు కొంచెం తగ్గింది.

"ప్రభువా, నా భార్య ఇడుపులపాయ ఉద్యోగమును వద్దనుకొని, ఈ ఇంటినే తన సేవగా ఎంచుకొన్నందుకు నీకు వందనాలు. ఈ తీర్మానమును నీవు స్థిరపరచుము. ఏసు నామమున అడుగుచున్నాము తండ్రీ, ఆమెన్."

"ఆమెన్" అన్నారు అయ్యగారు, నిండుగా. "ఆమెన్" అంది సుశీలమ్మ.

ఇంక ఒక గొంతు మిగిలింది. దానికోసం తలలన్నీ అరక్షణం వంగే ఉన్నాయి. ప్రశాంతి నోరు తెరిచింది.

"పరలోకమందున్న మా తండ్రీ."

లేవబోయిన తలలు మళ్ళీ వంగాయి. అయ్యగారి చెయ్యి చేప దగ్గరి దాకా పోయి వెనక్కి వచ్చింది. ఆ ఇంట్లో ఆమె గొంతెత్తి ప్రార్థన చేయడం అదే మొదలు. మొదటి మాట పుస్తకంలో మాటలా వచ్చింది, తర్వాతవి ఆమె మాటల్లానే వచ్చాయి.

"ఈ చాపను గులాబ్‌బీ కోసిచ్చింది. ముల్లు నేను తీసినా. పదిహేను నిమిషాలని చెప్పినారు, మూడు గంటలు పట్టింది. నీకు తెలుసు తండ్రీ. ఉద్యోగం వద్దని నేను ఎప్పుడూ అనలేదు. అది గూడా నీకు తెలుసు. నేను అనని మాటను నీకు చెప్పినారు, వాళ్ళను క్షమించు."

"ప్రశాంతీ..." అన్నాడు ఎడ్విన్ పళ్ళ బిగువున.

"ఉష్! ప్రార్థన జరుగుతాంటే ఏందిరా అది!" అని సుశీలమ్మ, కళ్ళు మూసుకునే, కొడుకు మోచేతి మీద ఒక్కటిచ్చింది.

"ఆరేండ్ల కిందట మా నాయన ముందర తెలీకుండా ఆమెన్ అంటి, నన్ను గూడా క్షమించు. రేప్పొద్దన నేను వస్తానని వాళ్ళకు రాస్తాండా. సోమవారం మొదటి బస్సుకు పోతాండా. వారానికి మూడు రాత్రులు ఆడనే ఉంటా. ఆ మూడు దినాలు ఈ ఇంట్లో పొయ్యి ముందర నిలబడే చేతులకు నువ్వే బలమియ్యి. ఏసు నామమున అడుగుతాండా తండ్రీ."

అయ్యగారు గొంతు సవరించుకున్నారు. ఎడ్విన్ దవడలు బిగుసుకున్నాయి. ప్రార్థన ముగిస్తే సుశీలమ్మ నోరు మాత్రం ఊరుకోలేదు.

"ఆమెన్" అంది.

అనేసి కళ్ళు తెరిచింది. కొడుకు మొహం చూసింది, కోడలి మొహం చూసింది. అన్న మాటను వెనక్కి తీసుకునే దారేదైనా ఉందేమోనని అయ్యగారి మొహం కూడా చూసింది. ఆయన నెమ్మదిగా తల వంచుకొని తానూ ఆమెన్ అన్నారు.

"అమ్మా, నువ్వేందిమా..." అన్నాడు ఎడ్విన్.

ప్రశాంతి నాలుగో కుర్చీ లాక్కొని కూర్చుంది. పళ్ళెం ముందుకు జరుపుకొని, నడిమి ముక్క ఒకటి వేసుకుంది.

"దేవుని ముందర ఆమెన్ అనింది గదా," అంది. "మాటంటే మాటే. తినండి, చాప సల్లగయితే బాగుండదు."