నిమ్మకట్టెలు

"అది పొయ్యిలో పెట్టకంటే పెట్టకు," అంటూ తాతబ్బాయి కట్టె రెండో కొస పట్టుకున్నాడు. మొదటి కొస కనకరత్నం చేతిలో ఉంది.

"మరి నీళ్లు ఏటెట్టి కాయను? మీ కోర్టు కాగితాలెట్టా?"

"ఎన్నిసార్లు చెప్పాలే నీకు? అది కట్టె కాదు, సాక్ష్యం."

"పది రోజుల్నించీ ఆ సాక్ష్యంతో కాగిన నీళ్లే కదా పోసుకున్నారు. అప్పుడు ఒళ్లు కాల్లేదేటి?"

తువ్వాలు భుజాన వేసుకుని కోడలు ఛాయ గుమ్మంలో నిలబడింది. "అత్తా, నాకు చన్నీళ్లే చాలు. ఛోడో నా, వదిలెయ్యండి," అంది. ఎవరూ వినలేదు.

కనకరత్నం కట్టె వదిలేసి పీట మీద చతికిలబడింది. పెరట్లో గోడవార నలభై నిమ్మచెట్ల కట్టెలు పేర్చి ఉండాల్సింది. సగమే ఉంది.

బతుకుతెరువుకి వచ్చిన ఈ హిందీ ఊళ్లో, ఉక్కు ప్లాంటులో ఇరవై ఎనిమిదేళ్లు బొగ్గు కాల్చే కోక్ ఓవెన్ల వేడికి మాడి దాచిన డబ్బుతో తాతబ్బాయి కొన్న రెండెకరాల తోటలోవి ఆ చెట్లు. మూడేళ్ల కిందట ఎవరిదో సిమెంటు ఫ్యాక్టరీకి రైలు లైను వేస్తామని అందులోంచి ఒక పట్టీ తీసుకున్నారు. ఆ పట్టీకి డబ్బిచ్చారు. కానీ లైను కోసం పోసిన మట్టికట్ట వాననీరు పోయే దారి మూసేసింది. రెండు వానాకాలాలు తోటలో మోకాలిలోతు నీళ్లు నిలిచి, చెట్లు వేరుకుళ్లి నిలువునా ఎండాయి. మిగిలిన నేల పాడైనందుకు కూడా పరిహారం ఇప్పించమని తాతబ్బాయి దుర్గ్ కోర్టుకెక్కాడు. పాడైందంటే చాలదు, రుజువు చెయ్యాలన్నాడు వకీలు. తోట చూసి రిపోర్టు రాయడానికి కోర్టు ఒక అధికారిని పంపింది.

ఆ వారమంతా తాతబ్బాయి జ్వరంతో మంచం దిగలేదు. "ఆదివారం కోర్టు నుంచి పెద్దమనిషి వస్తాడు, నువ్వే చూపించు," అన్నాడు భార్యతో. ఏం చూపించాలో చెప్పలేదు.

మనిషి వస్తాడంటే వాకిలి ఊడవకుండా ఉండే అలవాటు కనకరత్నానికి పుట్టింట్లోనూ లేదు, అత్తింట్లోనూ లేదు. పైగా వచ్చినవాడికి ఎండు మోడులు ఎదురైతే ఏం మంచిది? ఇద్దరు కూలిమనుషుల్ని పెట్టి చెట్లన్నీ నేలమట్టానికి నరికించింది. మొదళ్ల మీద మట్టి కప్పి పేడతో అలికింది. నూతి గట్టుకి సున్నం కొట్టింది, ముగ్గేసింది. సుపేలా బజారులో నిమ్మకాయలు కొని షర్బత్ కలిపింది. పెద్దమనిషి రెండు గ్లాసులు తాగి, చాలా బాగుందన్నాడు.

రిపోర్టు నకలు నిన్న వచ్చింది. కొడుకు సుభాష్ హిందీలో చదివి తెలుగులో చెప్పాడు: తోట శుభ్రంగా ఉంది, నీరు నిలిచిన జాడ లేదు, చెట్లకు నష్టం జరిగినట్టు కనబడలేదు.

"షర్బత్ సంగతి రాయలేదేటి?" అన్నాడు తాతబ్బాయి. రాత్రి అన్నం ముట్టలేదు.

ఇవాళా అంతే. మధ్యాహ్నం కంచం ముందు కూర్చున్నాడు గానీ ముద్ద కలపలేదు.

"సోమవారం వకీలు ఆ రిపోర్టు మీద అభ్యంతరం వేస్తాడు. చెట్లు దొంగలు నరికేశారని నన్ను చెప్పమన్నాడు. చెప్పేస్తాను."

"నాన్నా, అవతలి వకీలు నిలదీసి అడగడా?" అన్నాడు సుభాష్.

"అడిగితే అడుగుతాడు. ఇంటి ఆడదాన్ని బోనెక్కించమంటావా? అక్కడంతా హిందీ. నాలుగు ప్రశ్నలు వేస్తే ఈవిడ నోరు పెగుల్తాదా?"

కనకరత్నం అందరికీ చారు పోసింది. గరిటె గిన్నెలో పెట్టి మూత వేసింది.

"నరికిన మొదలు మీద దొంగ పేడ అలుకుతాడేటండి?" అంది.

సుభాష్‌కి నవ్వొచ్చింది, తండ్రి మొహం చూసి మింగేశాడు.

"ఛాయా, సోమవారం వంట నువ్వు చూసుకోమ్మా," అంది కనకరత్నం, గొంతు పెంచకుండా. "నాను మీ మామతో దుర్గ్ వెళ్తన్నాను. ముప్పై ఏళ్లు సుపేలాలో కూరలు బేరమాడిన హిందీ చాలు నాకు. చెట్లు నరికించింది నానేనని చెప్తాను, ఎందుకో కూడా చెప్తాను. కుళ్లిన వేళ్లు నేలలోనే ఉన్నాయి, మళ్లీ మనిషిని పంపి తవ్వించుకోమంటాను. ఈసారి ఊడవను."