అరువు గొంతు

తన సినిమాల్లో తనే నటించేవాడు, తనే దర్శకత్వం చేసేవాడు. అందుకే పనిచేసేవాళ్లు చాటుగా అతన్ని 'రెండు పడవలు' అనేవారు. తీసినవి నాలుగు. అవి ఎప్పుడొచ్చాయో ఎప్పుడు పోయాయో పోస్టర్లు అంటించినవాడికి కూడా గుర్తులేదు.

వాళ్ల నాన్న ఒక్కటీ చూడలేదు. "తీరిక లేదురా" అనేవాడు, రిటైరై ఇంట్లో గోళ్లు గిల్లుకుంటున్న రోజుల్లో కూడా. తీరా మనసు మెత్తబడేసరికి ఆయనకు చూపు పోయింది. "పోనీలే, వింటాను. నీ గొంతు నాకు తెలియనిదా?" అన్నాడు.

ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. రచ్చ మీద ఆశ అతనికి ఎప్పుడో చచ్చింది, ఇంట గెలిస్తే చాలు. ఆ ఒక్క మాట పట్టుకుని ఐదో సినిమా తీశాడు. కొడుకు తండ్రిని నిలదీసే సీనొకటి రాసుకుని, ఇంట్లో నోరు పెగలనివన్నీ అందులో పెట్టాడు.

డిస్ట్రిబ్యూటర్ చూసి, "అంతా బాగుంది గురూగారూ, మీ గొంతే పీలగా ఉంది. ఇంకొకరిచేత డబ్బింగ్ చెప్పిస్తే విడుదల చేస్తా. లేదంటే మీ ఇష్టం" అన్నాడు.

నటుడు ఏడ్చాడు. దర్శకుడు ఒప్పుకున్నాడు. ఇద్దరూ ఒకే కంచంలో తిని పడుకున్నారు.

డబ్బింగ్ గదిలో అద్దానికి ఇవతల కూర్చుని, తన ఏడుపు ఎలా ఏడవాలో ఇంకొకడికి నేర్పాడు. "నాన్నా అన్నాక కాస్త ఆగండి. ఊపిరి తీసుకుని అడగండి." వచ్చినవాడు పనిమంతుడు, రెండో టేకుకే అదరగొట్టాడు. సౌండ్ ఇంజనీరు కళ్లు తుడుచుకున్నాడు. అవే మాటలు తను చెప్పినప్పుడు ఆ మనిషే ఫోను చూసుకున్నాడు.

ఇంటికెళ్లి నాన్నకు చెప్పేద్దామనుకున్నాడు, చెప్పలేదు. గొంతు మారినా మాటలు నావేగా, కన్నతండ్రి పోల్చుకోడా అని పిచ్చి ఆశ.

విడుదలకు ముందు షోకి ఆయన్ని చెయ్యి పట్టి తీసుకెళ్లి పక్కన కూర్చోబెట్టుకున్నాడు. ఆ సీను వచ్చింది. "నాన్నా... ఒక్కసారి బాగుందిరా అంటే నీ సొమ్మేం పోయింది?" అని తెరమీద కొడుకు అడిగాడు. నాన్న ముందుకు వంగాడు. గడ్డం వణికింది, చెంపలు తడిశాయి. అతను తెర వదిలేసి నాన్న వైపు తిరిగాడు.

"ఈ కొడుకు వేషం వేసిందెవడ్రా? ఏడిపించేశాడు వెధవ!" అన్నాడు నాన్న. "ఎంత బాగా చేశాడో!"

"ఎవరో కొత్తవాడు నాన్నా."

"మరి నీ వేషం ఎప్పుడొస్తుంది?"

తెరనిండా అతని ముఖమే ఉంది. అది నేనే అని చెప్పబోయాడు. కానీ ఆయన మెచ్చుకున్నది తనది కాదు, ఆ సంగతి తనకే బాగా తెలుసు.

"తీసేశాం నాన్నా. సరిగ్గా రాలేదు."

నాన్న చీకట్లో తడిమి అతని చెయ్యి పట్టుకుని, ప్రేమగానే తట్టాడు.

"నేననుకున్నాలే. మాట్లాడకు, వాణ్ని విననీ."