బ్యాంకు వారి వంటిల్లు

కొల్హాపూర్ రాజారాంపురిలో ధైర్యశీల్ సాళోఖేకి నాలుగో అంతస్తులో ఒక ఫ్లాటు, కింద బజార్లో కుస్తీ పోటీలకి కప్పులూ షీల్డులూ అమ్మే దుకాణం, ఇంట్లో శర్వరి అనే భార్య, ఫ్లాటు మీద ముప్ఫై లక్షల బ్యాంకు లోనూ ఉన్నాయి. నాలుగింటిలో అతనికి బొత్తిగా బెంగలేనిది లోను ఒక్కటే. బెంగ లేకపోగా గర్వం కూడా. వడ్డీలు పెరిగాయని ఆ మధ్య అందరూ లబోదిబోమంటుంటే, "మా బ్యాంకు మాత్రం నా ఈఎంఐ ఒక్క రూపాయి పెంచలేదు తెలుసా" అని, షీల్డు మీద పేరు చెక్కించుకోవడానికి వచ్చిన వాళ్ళని కూడా నిలబెట్టి చెప్పేవాడు.

ఆ శుక్రవారం సాయంత్రం అయిదింటికి బ్యాంకు నుంచి చిన్మయ్ అనే కుర్ర ఏజెంటు కాగితాలు పట్టుకుని రావాలి. పాత లోను మీదే ఇంకో రెండు లక్షలు. ఆ డబ్బుతో శర్వరికి కొత్త వంటిల్లు. వేలితో తోస్తే చప్పుడు లేకుండా మూసుకునే సొరుగులు, మూలన గుండ్రంగా తిరిగే అరలు, ఆకుపచ్చ తలుపులు. ఫ్లాటులోకి వచ్చినప్పటి నుంచీ ఆమె అడుగుతున్నది అదొక్కటే. ఈఎంఐ ఒక్క రూపాయి పెరగదని చిన్మయ్ ఫోన్లో ముందే చెప్పాడు. ఇక సంతకమే మిగిలింది.

అదే రోజు మధ్యాహ్నం శర్వరి చైత్రమాసపు పసుపు కుంకుమ పేరంటం పెట్టుకుంది. అందుకని పొద్దున్నే కాగల్ నుంచి సర్జేరావ్ కాకా సంచీడు పచ్చిమామిడికాయలు మోసుకొచ్చాడు. ఈయన ధైర్యశీల్ తండ్రికి తమ్ముడు. నాలుగో తరగతి రెండుసార్లు చదివి, మూడోసారి మాస్టారికే విసుగొచ్చి మానేసిన మనిషి. అన్నకొడుకు పెళ్ళిలో గుర్రానికి నల్లకళ్ళజోడు పెట్టి, పెళ్ళికొడుకు కంటే దానికే ఎక్కువ ఫొటోలు తీయించిన ఘనుడు.

శర్వరి పన్హే అనే మామిడి పానకానికి కాయలు ఉడకేస్తూ కొత్త వంటింటి బొమ్మలు చూపించింది. కాకా కళ్ళు చిట్లించి చూశాడు.

"బావుంది కోడలా. ఇంత అద్దంలాంటి వంటింట్లో వాడికి ఇక మాడిన రొట్టెలు పెట్టవన్నమాట."

"రొట్టె మాడేది పొయ్యి వల్ల కాదు కాకా, మీ అబ్బాయి ఫోను వల్ల. చూస్తూ ఉండమంటే చూడరు."

"డబ్బెక్కడిది రా?" అని అన్నకొడుకుని అడిగాడు కాకా.

ధైర్యశీల్ సోఫాలో కాలు మీద కాలు వేసుకుని చెప్పాడు. పాత లోను మీదే ఇస్తున్నారు, మన రికార్డు అంత బాగుంది, అని.

"పాత లోను ఇంకా ఉందా?"

"ఇరవయ్యేళ్ళది కాకా. ఏడేళ్ళు కట్టేశాను. మూడోవంతు పైనే ఇల్లు మనదైపోయింది."

"మూడోవంతు అంటే ఎక్కడిదాకా?"

"ఎక్కడిదాకా అంటే ఏంటి? లెక్క అది."

"లెక్క సరే. నేను వచ్చి కూర్చోవాలి కదా. ఎక్కడిదాకా మనదో తెలియకపోతే పొరపాటున బ్యాంకు వాళ్ళ చోట కూర్చుంటాను."

ధైర్యశీల్ నవ్వి ఊరుకున్నాడు. అదే అతను చేసిన తప్పు. కాకా గుమ్మం పక్కన ఉన్న ముగ్గు డబ్బా తీసుకుని ఇల్లంతా ఒకసారి తిరిగొచ్చాడు.

"ముందు కట్టిన పది లక్షలు మీ నాన్న చెరుకుపొలం అమ్మినవి. కాబట్టి ఆ పడకగది మీ నాన్నది. అందులో నీ చెమట లేదు. మిగిలిన దాంట్లో మూడోవంతు..." అంటూ నడుం వంచి, హాలుకీ వంటింటికీ మధ్య నేల మీద ఈ గోడ నుంచి ఆ గోడదాకా తెల్లటి ముగ్గుగీత లాగాడు. "హాలు నీది. వంటిల్లు, అవతలి గది, స్నానాలగది బ్యాంకువి."

అక్కడి నుంచి మొదలైంది. మంచినీళ్ళు కావాలంటే గీత దగ్గర ఆగి, చేతిలో లేని ఫోను చెవి దగ్గర పెట్టుకుని, "హలో సాహెబ్, సర్జేరావ్‌ని మాట్లాడుతున్నాను. మీ కుండలో నీళ్ళు ఒక గ్లాసు ముంచుకోమంటారా" అని అడిగి, ఆ తర్వాతే దాటేవాడు. స్నానానికి వెళ్ళే ముందు కూడా అలాగే అనుమతి తీసుకున్నాడు. శర్వరి పొయ్యి వెలిగిస్తుంటే గీత ఇవతల నుంచే కేకేశాడు.

"వాళ్ళ పొయ్యి వెలిగించే ముందు ఒక మాట చెప్పావా కోడలా?"

"చెప్పాను కాకా. పన్హే చల్లారాక వాళ్ళకీ ఒక గ్లాసు పంపమన్నారు."

"అయితే నాకో సందేహం. వంటిల్లు బ్యాంకుది. కొత్త సొరుగులకి డబ్బూ బ్యాంకుదే. మరి వాళ్ళ వంటింటికి వాళ్ళ డబ్బుతో సొరుగులు పెట్టించి, వడ్డీ మాత్రం మీరెందుకు కడతారు?"

శర్వరి పకపకా నవ్వింది కానీ, గరిటె మాత్రం ఒక్క క్షణం ఆగింది. ధైర్యశీల్ అది చూశాడు. చూసి చిరాకుపడ్డాడు.

మధ్యాహ్నం పేరంటాళ్ళు వచ్చేసరికి కాకా అందరినీ వహినీ, అంటే వదినా, అని పిలుస్తూ ద్వారపాలకుడైపోయాడు. "రండి వహినీ, ఇటు, హాల్లో కూర్చోండి. ఇది మావాడిది. అటు కూర్చుంటే బ్యాంకు వాళ్ళు చాప అద్దె వేస్తారు." ఆడవాళ్ళు కొంగులు అడ్డం పెట్టుకుని ఒకటే నవ్వులు. ఒళ్ళో నానిన శనగలు పోయించుకుంటూ ఎదురింటి పాటిల్ వహినీ, "మాదైతే ఈ లెక్కన అంట్లు తోమే చోటుదాకా కూడా వచ్చుండదు కాకా" అంది. మూడో అంతస్తు వహినీ తమ అత్తగారి మంచం ఏ వైపు వస్తుందో చూడాలంది. పచ్చిమామిడి వేసిన పప్పు బావుందని ఒక్కరూ అనలేదు. అందరిదీ గీత గొడవే.

వాళ్ళు వెళ్ళాక ధైర్యశీల్ లేచి నిలబడ్డాడు.

"చాలు కాకా. నవ్వించింది చాలు. అసలు నువ్వు నా వాటా తక్కువ గీశావు. అప్పుడప్పుడూ ఎక్కువ కూడా కట్టి ఉంటాను. ఇప్పుడే బ్యాంకుకి ఫోన్ చేస్తాను. లెక్క వాళ్ళే చెప్తారు. నీ చేత్తోనే ఆ గీత చెరిపి వంటింట్లోకి జరపాలి నువ్వు."

"జరుపుతాను. పొయ్యిదాకా వస్తే పొయ్యికి దండ కూడా వేస్తాను."

ధైర్యశీల్ ఫోను బయటికి వినపడేలా పెట్టాడు. అవతల ఒక అమ్మాయి చాలా మర్యాదగా మాట్లాడింది. లోను నంబరు అడిగింది, పుట్టినరోజు అడిగింది, ఆఖరికి చెప్పింది.

"అసలు బాకీ ఇంకా ఇరవయ్యేడు లక్షల పదకొండు వేలు ఉంది సర్."

"కాదమ్మా, నాది ముప్ఫై లక్షల లోను. ఏడేళ్ళయింది. నెలకి ఇరవైమూడు వేల చిల్లర కడుతున్నాను. ఇప్పటికే పంతొమ్మిదిన్నర లక్షలు కట్టి ఉంటాను."

"అవును సర్, కట్టారు. అందులో అసలుకి పోయింది మూడు లక్షల లోపు. మిగతాది వడ్డీ."

"అదెలా? నా ఈఎంఐ ఎప్పుడూ పెరగలేదే."

"పెరగలేదు సర్. వడ్డీ ఏడు నుంచి తొమ్మిదికి వెళ్ళినప్పుడు మీకు ఇబ్బంది ఉండకూడదని ఈఎంఐ అలాగే ఉంచి సంవత్సరాలు పెంచాం. మెసేజ్ కూడా పంపాం."

ధైర్యశీల్‌కి ఆ మెసేజ్ గుర్తుంది. "ప్రియమైన వినియోగదారుడా, మీ ఈఎంఐలో మార్పు లేదు" అని ఉంది. అక్కడిదాకా చదివి, దాన్ని పదిమందికి చూపించి, పేడాలు కూడా పంచాడు. కింద ఇంకో రెండు వరుసలున్నాయి. అవి చదవలేదు.

"అంటే ఇంకా పదమూడేళ్ళు కాదా?" అన్నాడు, గొంతు తగ్గించి.

"ఇరవైమూడేళ్ళు సర్. ఇంకేమైనా సహాయం కావాలా సర్?"

వద్దన్నాడు.

వేళ్ళ మీద లెక్కేసుకున్నాడు. ఇరవయ్యేళ్ళకని తీసుకుని, ఏడేళ్ళు కడితే, ఇరవైమూడేళ్ళు మిగిలింది. నడుస్తున్న కొద్దీ ఊరు వెనక్కి పోతున్నట్టుంది వ్యవహారం. ముప్ఫై లక్షల్లో మూడు కూడా తీరలేదు. అంటే పదోవంతు కూడా కాదు. ధైర్యశీల్ గుమ్మం వైపు చూశాడు. పదోవంతంటే చెప్పుల అరదాకా వస్తుందేమో. సోఫా పూర్తిగా పరాయి దేశంలోకి వెళ్ళిపోయింది.

ఇంత మంచి అవకాశం దొరికినా కాకా వెక్కిరించలేదు. ముగ్గు డబ్బా మూత పెట్టేసి, "ఆ పిల్ల ఎవరి లెక్కో చూసి చెప్పుంటుందిరా. ఇంకోసారి అడుగు" అన్నాడు మెల్లగా.

"నాదే కాకా. పుట్టినరోజు కూడా అడిగింది."

"నేను ఊరికే నవ్వులకి గీశాను రా. నిజంగా ఇంత..."

"మీరు తప్పుగా గీశారు కాకా" అంది శర్వరి. "ఈయనకి చాలా ఎక్కువ ఇచ్చారు."

ఎవరు ముందు నవ్వారో తెలియదు కానీ ముగ్గురూ నవ్వారు. అయితే ధైర్యశీల్ నవ్వు మధ్యలోనే ఆగిపోయింది. అయిదు కావస్తోంది. ఆకుపచ్చ తలుపుల బొమ్మ ఇంకా బల్ల మీదే ఉంది. దాన్ని వద్దని శర్వరికి చెప్పాల్సింది తనే. ఏ మొహంతో చెప్పాలి?

చిన్మయ్ సరిగ్గా టైముకే వచ్చాడు. చేతిలో ఫైలు, మెడలో బిళ్ళ, మొహాన చిరునవ్వు. శర్వరి పన్హే ఇచ్చింది. అతను తాగుతూనే, ధైర్యశీల్‌ని అన్నా అన్నట్టు దాదా అంటూ, సంతకాలు పెట్టాల్సిన చోటల్లా పెన్సిల్‌తో గుర్తులు పెట్టేశాడు.

"దాదా, ఇక్కడ, ఇక్కడ, ఇక్కడ. ఈఎంఐ అదే. ఒక్క రూపాయి తేడా ఉండదు."

ఆ మాట ధైర్యశీల్‌కి ఇన్నాళ్ళూ తియ్యగా వినిపించేది. ఇప్పుడు చెవిలో చీమ దూరినట్టయింది.

"ఎప్పటిదాకా అదే?" అన్నాడు.

"అంటే?"

"ఎన్నేళ్ళు కట్టాలి అని."

"అదేముంది దాదా, ఎలాగూ కడుతున్నారు కదా."

"ఎలాగూ కడుతున్నాను కాబట్టే అడుగుతున్నా. లెక్క వెయ్యి."

చిన్మయ్ ఫోను తీసి నొక్కాడు. నొక్కి, ఒకసారి చెరిపి, మళ్ళీ నొక్కాడు.

"ముప్ఫై ఒకటి వస్తోంది."

"నాకిప్పుడు ముప్ఫయ్యారు" అన్నాడు ధైర్యశీల్. "అంటే అరవయ్యేడు."

"సొంత వ్యాపారం కదా దాదా, డెబ్బైదాకా ఇస్తాం" అన్నాడు చిన్మయ్, అదేదో శుభవార్తలా.

శర్వరి కుర్చీ లాక్కుని కూర్చుంది. "తమ్ముడూ, ఉన్నది ఇరవైమూడేళ్ళు. ఇది తీసుకుంటే ముప్ఫయ్యొకటి. అంటే ఈ వంటింటికని ఎనిమిదేళ్ళు ఎక్కువ కడతాం. ఎనిమిదేళ్ళ ఈఎంఐ ఎంతవుతుంది?"

చిన్మయ్ ఫోను వైపు చూసి, "ఇరవై రెండు లక్షలు, కొంచెం అటూఇటూ" అన్నాడు. ఆ అంకె తన నోటినుంచే వచ్చిందని నమ్మలేనట్టు ఇంకోసారి చూసుకున్నాడు.

"రెండు లక్షల సొరుగులకి."

"అవును వహినీ."

కాకా ఇక ఆగలేకపోయాడు. "కోడలా, అంత పెడితే ఆ సొరుగులు చప్పుడు చెయ్యకపోవడం కాదు, పొద్దున్నే లేచి పాటలు పాడాలి."

ధైర్యశీల్ భార్య వైపు చూశాడు. "శర్వరీ, నీకు మాటిచ్చాను. నేను..."

"ఏమండీ, ఆగండి. ఆకుపచ్చ రంగు నాకు మొదటినుంచీ అంతగా నచ్చలేదు. మీరే బావుందన్నారు." అది పచ్చి అబద్ధమని ముగ్గురికీ తెలుసు. ఆమె కాగితాలు దొంతిగా సర్ది చిన్మయ్ చేతిలో పెట్టింది. "ఇవి వద్దు. సంవత్సరాలు తగ్గించడానికి మీ దగ్గర ఏం కాగితం ఉంది?"

చిన్మయ్ ఫైలంతా తిరగేశాడు. పెంచడానికి మూడు రకాలున్నాయి. తగ్గించడానికి సంచీలో ఒక్కటీ లేదు. "దానికి బ్రాంచికి వెళ్ళాలి వహినీ. మమ్మల్ని ఎవరూ అడగరు."

"లెక్కైతే వెయ్యగలవు కదా. నెలకి మూడు వేలు ఎక్కువ కడితే?"

"పదహారున్నరేళ్ళు. ఆరేళ్ళ పైనే తగ్గుతుంది." చిన్మయ్ గ్లాసు కింద పెట్టాడు. తర్వాత చాలాసేపు ఫోనులో ఏవేవో నొక్కుతూనే ఉన్నాడు.

"ఇంకేం లెక్కరా అబ్బాయ్?" అన్నాడు కాకా.

"ఏం లేదు కాకా. నాది. ఉచ్‌గావ్‌లో ఫ్లాటు. పోయినేడు తీసుకున్నా."

"ఎంత వచ్చింది?"

చిన్మయ్ ఫోను బోర్లా పెట్టేశాడు. కాకా అతని గ్లాసులో ఇంకొంచెం పన్హే పోశాడు.

సోమవారం ధైర్యశీల్, శర్వరి బ్రాంచికి వెళ్ళారు. అక్కడి అధికారి వాయిదా తగ్గించమనే వాళ్ళనే చూసినట్టున్నాడు. పెంచమంటే రెండుసార్లు అడిగి, ఆరోగ్యం బావుందా అన్నట్టు చూసి, ఆఖరికి కాగితం ఇచ్చాడు. మూడు వేలకి సంతకం పెట్టారు. వంటింటికని మహిళల చీటీలో శర్వరి దాచుకున్న డబ్బులో సగం అసలులోకి కట్టేశారు. మిగతా సగం వడ్రంగికి. సొరుగులు రెండే, చప్పుడు చేసినా ఫరవాలేదని శర్వరి అతనికి ముందే చెప్పింది.

లేవబోతూ ఆమె అధికారిని అడిగింది. "మెసేజ్‌లు ఈయన ఫోనుకి వస్తాయి కదా. ఇక నుంచి నా ఫోనుకి పంపుతారా? నేను చివరిదాకా చదువుతాను."

నంబరు మార్చారు. ధైర్యశీల్ అభ్యంతరం చెప్పలేదు.

బయటికొచ్చి ఎదురుగా ఉన్న, మొలకల కూర మిసళ్ అమ్మే అంగట్లో కూర్చున్నారు. నెత్తి మాడ్చే ఎర్రటి పులుసు తెచ్చి పెట్టారు. ధైర్యశీల్ ముక్కు తుడుచుకుంటూ, "ఇంకొంచెం పోయించుకోనా?" అన్నాడు.

"పోయించుకోండి" అంది శర్వరి. "ఎన్నిసార్లు పోసినా బిల్లు పెరగనిది ఈ ఊళ్ళో ఇదొక్కటే. నేను అడిగి కనుక్కున్నాను."