టేపుకెక్కని శోకపాట

నేను ఒక వీడియో కెమెరాను. పుట్టింది జపాన్ ఫ్యాక్టరీలో, లోకం చూసింది మాత్రం కజకిస్తాన్‌లో. నా మొదటి యజమాని అల్మాటీ నగరంలో పెళ్ళిళ్ళు తీసేవాడు. నన్ను చూడగానే నవ్వు తెచ్చుకుని, నేను పక్కకు తిరగ్గానే పోట్లాట అందుకునే చుట్టాలను అతని భుజం మీంచి మూడేళ్ళు చూశాను.

తరవాత రౌషన్ నన్ను కొనుక్కుంది. ఆమె తాతలు గొర్రెలనూ గుర్రాలనూ తోలుకుంటూ పచ్చిక కోసం తిరిగిన సంచారులు. ఆ బతుకు కరిగిపోకముందే సినిమా తీసి దాచాలని ఆమె పట్టుదల. భర్త తెమిర్లాన్ జీపు నడిపేవాడు. ఎనిమిదేళ్ళు ముగ్గురం కొండలు పట్టుకు తిరిగాం. ఉన్ని తడిపి గుడారానికి గోడలు చేయడం, డేగకు వేట నేర్పడం, గుర్రపు పాలు పులియబెట్టడం అన్నీ నాలో పడ్డాయి. చచ్చిపోయినవాళ్ళ కోసం ఆడవాళ్ళు పాడే శోకపాట ఒక్కటే మిగిలింది. మేం తిరిగే లోయలో అది పూర్తిగా వచ్చింది ఉల్బోసిన్ అనే ముసలామెకే.

రౌషన్ ఎన్నిసార్లు అడిగినా ఆమె ఒప్పుకోలేదు.

"శవం లేని ఇంట్లో శోకం పెడితే చావుకు కబురంపినట్టే తల్లీ. ఇంకేదైనా అడుగు, పాడతా."

ఒక మార్చి నెలలో ఆమె మట్టి ఇంట్లోనే దిగాం. నాకు ఒక్క బ్యాటరీయే మిగిలింది. కొత్తవి తెస్తానని తెమిర్లాన్ జీపు తీశాడు. గడ్డకట్టిన ఏటి మీదుగా చలికాలమంతా తిరిగిన దారే. ఎండలకు మంచు అడుగున పలచబడిందని అతనికి తెలియలేదు.

సాయంత్రానికి ఏట్లోంచి అతని శవాన్ని తీసి తెచ్చారు. ఉల్బోసిన్ గోడవైపు తిరిగి, నడుముకు చేతులానించి శోకమెత్తుకుంది. అతని ఏడు తరాల పేర్లు పిలిచింది. జీపును గుర్రమని పాడింది. మధ్యలో ఆగి అంది:

"నీ డబ్బా తియ్యి తల్లీ. ఇది నీదే, దాచుకో."

రౌషన్ నన్ను చేతిలోకి తీసుకుంది. ఆమె బొటనవేలు మీట మీద చాలాసేపు ఉంది. నా కోసం బయల్దేరినవాడు నా ముందే చాప మీద పడుకుని ఉన్నాడు. ఆమె నన్ను మూలన పెట్టేసి, వెళ్ళి ముసలామె పక్కన కూర్చుంది.

నలభయ్యో రోజు తంతు దాటాక, "నాకిక వద్దు అపా," అని నన్ను ఉల్బోసిన్‌కే ఇచ్చి వెళ్ళిపోయింది. అక్కడ అవ్వను అపా అంటారు. ఆమె నన్ను తన పెట్టె మీద పెట్టి, దుమ్ము పడకుండా రుమాలు కప్పింది.

రెండేళ్ళకు ఉల్బోసిన్ పోయింది. శోకం పెట్టడానికి ఊళ్ళో ఎవరూ లేరు. ఆమె కోడలు కబురు చేస్తే రౌషన్ వచ్చింది. నా వైపు చూడలేదు. తిన్నగా శవం దగ్గరికి వెళ్ళి మొదలుపెట్టింది. పాట సగం వరకే వచ్చింది.

"తరవాత ఏంటి అపా?" అని శవాన్నే అడిగింది.

ఇంటినిండా ఉన్న ఆడవాళ్ళలో ఒక్కరికీ తెలియదు. రౌషన్ కళ్ళు తుడుచుకుని మళ్ళీ మొదటినుంచి అందుకుంది. ఈసారి కోడలు కూడా, వచ్చినంతమటుకు, గొంతు కలిపింది.