మూడు వందల పన్నెండులో పోయినవాడు

చిన్నకోడలి ఎడమచేతి కట్టు కుడిచేతికి వచ్చేసింది. గుర్తుల మాస్టారు స్టూలు మీంచి లేచి, కెమెరాకు అడ్డంపడి మరీ షాట్ ఆపించాడు.

"అమ్మా, నిన్న దెబ్బ తగిలింది ఎడమచేతికమ్మా!"

ఆ అమ్మాయి నవ్వుతూ కట్టు మార్చుకుంది. మాస్టారి పని అదే. ఎవరి జడ ఏ భుజం మీదుందో, గోడగడియారం ఎన్ని గంటలు చూపించిందో, ఎవరు ఎప్పుడు చచ్చారో రిజిస్టర్లో రాసుకోవాలి. ఏడేళ్ళుగా ఒకే సీరియల్, పద్దెనిమిది వందల ఎపిసోడ్లు. వేళ్ళకు సిరా మరకలు, వంగిపోయిన నడుం, కూర్చునీ కూర్చునీ నిగనిగలాడే ప్యాంటు. తెరమీద ఆయన పేరు పడేసరికి జనం ఇంకో చానల్‌కి వెళ్ళిపోయి ఉంటారు.

పదకొండింటికి సీన్ కాగితాలొచ్చాయి. చదివి మాస్టారు గతుక్కుమన్నాడు. పెద్దన్నయ్య గుమ్మంలోంచి నడిచి వస్తాడట! మూడు వందల పన్నెండో ఎపిసోడ్‌లో బస్సుతో సహా లోయలో పడి చచ్చిన పెద్దన్నయ్య!

డైరెక్టర్‌ది కొడుకు వయసు. మాస్టారు రిజిస్టర్ పట్టుకుని అతని దగ్గరికెళ్ళాడు.

"బాబూ, ఈయన పోయాడు. శవాన్ని కూడా చూపించాం. రెండు క్లోజప్‌లు."

"ఎవరికి గుర్తుంటుంది మాస్టారూ? జనం ఒక కన్ను ఫోన్లో పెట్టి చూస్తారు. రేటింగ్ పడిపోయింది, చానల్‌వాళ్ళు పెద్దన్నయ్యని మళ్ళీ దింపమన్నారు."

"పోనీ, కవల తమ్ముడనండి."

"కవలలు నిరుడే అయిపోయారుగా."

నిజమే, అయిపోయారు. మాస్టారే రాసుకున్నాడు.

ఆయనకు ఒళ్ళు మండిపోయింది. గుర్తుంచుకునేవాళ్ళు లేరా? ఆయన ఇంట్లోనే ఒకరున్నారు. ఆ ఎపిసోడ్ వచ్చిన ఏడాదే సొంత తమ్ముడు పోతే ఆయన భార్య కంటతడి పెట్టలేదు. వచ్చినవాళ్ళకి కాఫీలిచ్చింది, పక్కలు వేసింది, రాయిలా తిరిగింది. రెండు నెలల తర్వాత టీవీలో పెద్దన్నయ్య చచ్చిపోయిన రోజున మాత్రం కూలబడిపోయి, తమ్ముణ్ణి పేరు పెట్టి పిలుస్తూ గంటసేపు ఏడ్చింది. అది ఉత్త నాటకమేనని మాస్టారు అనలేదు. పక్కన కూర్చున్నాడు. ఇప్పుడా చచ్చినవాడు సూటు వేసుకుని నవ్వుతూ దిగబడితే, ఆవిడ మొహం ఎలా చూడాలి?

"ఈ ఒక్కటీ మానేయండి బాబూ. మీకు దణ్ణం పెడతాను."

"మీరు రాసుకోండి చాలు మాస్టారూ. కథ మీకెందుకు?"

పెద్దన్నయ్య వేషగాడు తయారై వచ్చాడు. లోయలో పడ్డవాడికి పొట్ట కూడా వచ్చింది. మాస్టారు పెన్ను మూత తీసి తారీఖు వేశాడు. కింద "పెద్దన్నయ్య" అని రాసి ఆగిపోయాడు. ఏడేళ్ళుగా ఎన్ని చెత్త మలుపులు రాసుకోలేదు? దీనికి మాత్రం చెయ్యి రాలేదు. రిజిస్టర్ మూసి డైరెక్టర్ కుర్చీలో పెట్టాడు.

"ఎక్కడికి మాస్టారూ?"

"ఇంటికి. టీవీలో రాకముందే ఆవిడకి చెప్పాలి."

"సరే, రేపు తొమ్మిదింటికి వచ్చేయండి."

"రాను బాబూ."

డైరెక్టర్ ఆ మాట విన్లేదు, అప్పటికే "యాక్షన్" అని అరుస్తున్నాడు. పెద్దన్నయ్య వచ్చాడు. తల్లి మూర్ఛపోయింది, కెమెరా మూడు వైపుల నుంచి తీస్తుంటే మూడుసార్లు మూర్ఛపోయింది. మాస్టారు మర్చిపోయి వెళ్ళిన కళ్ళజోడు పెట్టె ఆ తల్లి మొదటిసారి పడ్డప్పుడు భోజనాల బల్లమీద ఉంది, రెండోసారి ఎవరో తీసేస్తే లేదు, మూడోసారి ఎలా వచ్చిందో మళ్ళీ అక్కడే ఉంది, నల్లగా, మూత సగం తెరుచుకుని.